మూలంలో లేని మాట

మా తమ్ముడికి ఇంట్లో పెట్టిన పేరు మూగోడు. నాలుగేళ్లు వచ్చేదాకా వాడు మాట్లాడలేదు. ఆ తర్వాత మాట్లాడినా సగం గొంతులోనే నమిలేసేవాడు. బళ్లో టీచరుకీ, ఆసుపత్రిలో డాక్టరుకీ, ఆఖరికి అమ్మకీ కూడా వాడేమంటున్నాడో నేనే విప్పి చెప్పాలి. అలాంటివాడు పెద్దయ్యాక పాటగాడయ్యాడంటే నవ్వొస్తుంది కదా, నాకూ వచ్చింది. కాకపోతే వాడు పాడేది మీరూ నేనూ అనుకునే పాట కాదు. నల్లబట్టలు, మొహాన తెల్లరంగు, చెవులు చిల్లులు పడేలా గిటార్లు, వాటి మధ్యలో కడుపు అడుగు నుంచి తన్నుకొచ్చే అరుపు. మెటల్ అంటారు దాన్ని, అందులోనూ బాగా ముదిరిన రకం. వినేవాళ్లకి ఒక్క ముక్క అర్థం కాదు. అర్థం కాకపోవడమే దాని గొప్ప అని వాళ్ల నమ్మకం. నాకు మాత్రం ప్రతి మాటా అర్థమయ్యేది. వాడి గొణుగుడు విని విని నా చెవి అలా తయారైంది. ఆ చెవే ఆ ఎండాకాలం మా కొంప ముంచింది.

నేను అచ్చాఫీసులో ప్రూఫులు దిద్దుతాను. బడి పుస్తకాలు, మందు సీసాల మీది చీటీలు, రైళ్ల టైము పట్టికలు, ఏదొచ్చినా సరే. ఎడమ పక్క మూలం, కుడి పక్క ప్రూఫు పెట్టుకుని అక్షరం అక్షరం పోల్చడమే పని. మూలంలో ఉన్నది ఇక్కడ ఉందా, లేదా, అంతే. అర్థం జోలికి పోకూడదు. అర్థంలో పడితే కన్ను జారిపోతుంది, తప్పు దొరకదు. ఎక్కడైనా అనుమానమొస్తే సొంత తెలివి చూపించకుండా చిన్న చీటీ మీద రాసి, రాసినాయనకి పంపాలి. అప్పటికి పధ్నాలుగేళ్లుగా అదే చేస్తున్నాను.

తమ్ముడి జట్టుకి పెద్ద ఒకడున్నాడు. గిటారు వాయించేదీ, పాటలు రాసేదీ అతనే. ముప్పై కూడా నిండలేదు గానీ కుర్రాళ్లంతా గురువుగారు అనేవాళ్లు. నేనూ అదే పేరుతో పిలిచేదాన్ని, వెటకారానికి. మనిషి మాట మాత్రం మహా మెత్తన. నోరు తెరిస్తే ఒకటే మాట, నిజం. మిగతా జట్లన్నీ వేషాలు, మనది నిజం అనేవాడు. నిజం కోసమని కుర్రాళ్లని రెండేసి రోజులు పస్తులుంచేవాడు. నిజం కోసమని మా వాడు ఒకసారి చేతులు గీసుకుని వచ్చాడు. మందు రాస్తూ నోటికొచ్చినట్టు తిట్టాను. నిజం కావాలంటే మా ఆఫీసుకొచ్చి రైళ్ల పట్టిక దిద్దు, రెండు రోజుల్లో కనపడుతుంది అన్నాను. వాడు నవ్వాడు. అప్పటికింకా నవ్వేవాడు.

డ్రమ్స్ వాయించేది బండోడు. పేరుకి తగ్గట్టే లావు, ఎప్పుడూ ఏదో ఒకటి నములుతుండేవాడు. మా ఇంటికొస్తే ముందు గదిలో కూర్చోవడం ఎరగడు, సరాసరి వంటింట్లోకే. వాళ్లమ్మ వెనక వీధిలో బట్టలు కుడుతుంది. నా బట్టలన్నీ ఆమె కుట్టినవే. పిన్నీ అని పిలుస్తాను.

ఊరి చివర మూతపడ్డ ఐసు ఫ్యాక్టరీలో వాళ్లు పాటలు రికార్డు చేసుకునేవాళ్లు. అక్కడ ఐసు దిమ్మలు దాచే గది ఒకటుంది. జానెడు మందం తలుపు, గడియ బయటే, లోపలి పిడి ఎప్పుడో ఊడిపోయింది. కిటికీ లేదు. చప్పుడు బాగా మోగుతుందని డ్రమ్స్ తీసుకెళ్లి ఆ గదిలో పెట్టారు. మిగతావాళ్లు బయట హాల్లో నిలబడి వాయించేవాళ్లు, మా వాడు తలుపు పక్కనే నిలబడి పాడేవాడు.

ఎండలు ముదరకముందే బండోడు ఆ గదిలో చచ్చిపోయాడు. అందరూ భోజనాలకి వెళ్లినప్పుడు బొగ్గుల కుంపటి రాజేసుకుని, తలుపు లాక్కుని కూర్చున్నాడని గురువుగారు పోలీసులకి చెప్పాడు. బండోడి చేతిరాతతో ఉన్న కాగితం ఒకటి చూపించాడు. అందులో చీకటి గురించీ చావు గురించీ నాలుగు వాక్యాలున్నాయి. అది పాట గుర్తుండటానికి వాడు ఎత్తి రాసుకున్న కాగితమని తర్వాత తెలిసింది. పోలీసులు దాన్నే ఆఖరి ఉత్తరమనుకుని ఫైలు కట్టేశారు.

పిన్ని కొడుకు ఫోటో పట్టుకుని మా అచ్చాఫీసుకి వచ్చింది, దినాల కార్డు వేయించడానికి. ఫోటో కింద ఏం రాయమంటావు పిన్నీ అన్నాను. పేరూ తేదీ చాలంది. వెళ్లబోతూ ఆగి, ఆ పొద్దున తను వాణ్ని కసిరానని చెప్పింది. ఆ డబ్బాలు కొట్టడం మానేసి ఏదైనా పని చూసుకోరా అందట. ముద్ద సగంలో వదిలేసి లేచి వెళ్లిపోయాడట.

"ఆ మాటకేనంటావా అమ్మాయ్?"

కాదు పిన్నీ అన్నాను. ఎవరైనా అదే అంటారు. నాకేం తెలుసని అన్నానో నాకే తెలీదు. ఆ తర్వాత కుట్టు పని మీద వచ్చిన ప్రతివాళ్లనీ ఆమె అదే అడుగుతోందని విన్నాను. అడగ్గా అడగ్గా జనం అటు వెళ్లడం తగ్గించేశారు.

బండోడు పోవడంతో జట్టుకి ఎక్కడలేని పేరొచ్చింది. ఎక్కడెక్కడి కుర్రాళ్లో వచ్చి ఫ్యాక్టరీ గేటు ముందు విరిగిన డ్రమ్ము కర్రలు పెట్టి, కాసేపు నిలబడి వెళ్లేవాళ్లు. పాట కోసం ప్రాణమిచ్చాడని గురువుగారు గేటు దగ్గరే నిలబడి వాళ్లకి మెత్తగా చెప్పేవాడు. మా వాడు మాత్రం తిండి మానేశాడు. కంచం ముందు కూర్చుని అన్నం కెలికి లేచిపోయేవాడు. స్నేహితుడు పోయిన దిగులు, నాలుగు నెలలు పోతే అదే సర్దుకుంటుందిలే అనుకున్నాను. ఇంట్లో మేమిద్దరమే. నేను పొద్దున పోతే సాయంత్రం వచ్చేదాన్ని. ఇంకాస్త చూసుకుని ఉండాల్సింది.

ఎండలు మండిపోతున్న రోజుల్లో గురువుగారు మా ఆఫీసుకొచ్చాడు. ఆల్బం అయిపోవచ్చిందట. బండోడు వాయించిన డ్రమ్స్ అలాగే ఉంచి, వాటి మీద మా వాడి గొంతు కొత్తగా ఎక్కించారట. పాటల పుస్తకం మేమే వెయ్యాలి. అతను రాసిన పాటల కాగితాలూ, టేపూ నా బల్ల మీద పెట్టి, రాసిందొకటి పాడిందొకటి కాకూడదు కదండీ, ఒకసారి పోల్చి చూడండి అన్నాడు. మీకు తప్ప అది ఎవరికీ వినపడదు అని కూడా అన్నాడు. పొగిడితే ఎవరికి చేదు? సరేనన్నాను.

మధ్యాహ్నం భోజనాల వేళ, మిషన్లు ఆగినప్పుడు, చెవులకి హెడ్‌ఫోన్లు పెట్టుకుని కూర్చున్నాను. మొదటి మూడు పాటలూ మూలం ప్రకారమే ఉన్నాయి. నాలుగో పాట రెండో చరణంలో ఆగాను. వెనక్కి తిప్పి మళ్లీ విన్నాను, మూడోసారీ విన్నాను. తర్వాత చీటీ తీసుకుని అలవాటు ప్రకారం రాశాను.

"నాలుగో పాట, రెండో చరణం. మూలంలో: చావు తలుపు తెరిచింది, చీకటి నన్ను పిలిచింది. టేపులో: తలుపు మేమే వేశాం, వాడు తడుతూనే ఉన్నాడు. ఏది ఉంచమంటారు?"

అంతటితో ఊరుకున్నా పోయేది. మా తమ్ముడు కట్టిన మాట కదా అని మురిసిపోయి, కింద ఇంకో ముక్క తగిలించాను. టేపులోదే బాగున్నట్టుంది అని. ఆ పాటల నిండా తలుపులూ గోతులూ శవాలే. అందులో ఇదొక తలుపు అనుకున్నాను తప్ప, ఒక్క క్షణం అర్థం వైపు చూడలేదు. పధ్నాలుగేళ్లు చూడకుండా బతికినదాన్ని మరి. చీటీ కాగితాలకి గుచ్చి గురువుగారికి పంపించేశాను.

రెండో రోజు ఆదివారం. తమ్ముడు గొంతుకి గుడ్డ చుట్టుకుని వంటింటి గడప మీద కూర్చున్నాడు. నేను కూర కలుపుతూ, కవివి అయ్యావురోయ్, పెద్దాయన రాసిన దాన్నే మార్చేశావు అని ఏడిపించాను. వాడు తల ఎత్తాడు. ఏం మార్చానన్నాడు. చెప్పాను. చీటీ రాసి పంపిన సంగతీ చెప్పాను.

"ఎవరికిచ్చావ్ ఆ చీటీ?"

"పాట రాసినాయనకి. ఇంకెవరికిస్తారు?"

వాడు గొంతుకున్న గుడ్డ వదులు చేసుకున్నాడు. తర్వాత చిన్నప్పటిలాగే సగం సగం నములుతూ చెప్పాడు. ఆ రోజు ఎవరూ భోజనానికి వెళ్లలేదు. పాటకి ముందు తీసే ఆల్బం ఫోటోల్లో ఎర్రటి వెలుగు పడాలని గురువుగారే కుంపటి లోపల పెట్టించాడు. చప్పుడు బయటికి పోకూడదని తలుపు వేసి గడియ పెట్టమన్నాడు. గడియ పెట్టింది మా తమ్ముడు. పాట సగంలో బండోడు వాయించడం ఆపి తలుపు బాదడం మొదలెట్టాడు. మా వాడు గడియ మీద చెయ్యి వేశాడు. గురువుగారు గిటారు ఆపకుండానే తల అడ్డంగా ఊపి, ఇదే, ఇదే నిజం అన్నాడు. మా వాడు చెయ్యి తీసేసి పాడాడు. పాట అయ్యాక తలుపు తీశారు. లోపలున్న మైకు అదంతా పట్టింది. నాలుగో పాటలో వినపడే ఆ దెబ్బలు డ్రమ్ము కాదు, బండోడి చేతులు. గురువుగారు వాటిని అలాగే ఉంచాడు. దాని మీద పాడమంటే, రాసిన మాటలు వాడి నోట రాలేదు.

"రికార్డులో ఉండిపోతుందనుకున్నానక్కా. అందరూ వింటారు, ఎవరికీ తెలీదు. నాకు కాస్త ఊపిరాడుతుందనుకున్నాను."

స్టవ్ ఆర్పేశాను. పోలీసుల దగ్గరికి వెళ్దాం పద అన్నాను. నన్నూ లోపలేస్తారన్నాడు. వెయ్యనీ, బతికుంటావు అన్నాను. వాడు మొహం కడుక్కుని వస్తానని లేచేలోపు వీధిలో వ్యాను ఆగింది.

గురువుగారు చెప్పులు బయటే విడిచి వచ్చాడు. మంచినీళ్లడిగి తాగాడు. చొక్కా జేబులో నా చీటీ కనపడుతూనే ఉంది. ఇంత శ్రద్ధగా మా పాట ఎవరూ వినలేదండీ అన్నాడు నాతో. మూలంలో ఉన్నదే ఉంచండి, ఆ పాట మళ్లీ పాడిస్తాను అన్నాడు. అటు తిరిగి, పద అన్నాడు. అంతే. మా తమ్ముడు గుడ్డ బిగించుకుని వెనకే వెళ్లిపోయాడు. నేను చేతిలో గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయాను. వెళ్లి చొక్కా పట్టుకుని లాగాల్సింది. గట్టిగా అరవాల్సింది. ఇప్పటికీ దీనికే నన్ను నేను తిట్టుకుంటాను, చీటీకి కూడా కాదు.

రాత్రి వాడు రాలేదు. పొద్దున్నే ఫ్యాక్టరీకి వెళ్తే గేటు దగ్గరే ఆపేశాడు గురువుగారు. మీ తమ్ముడు ఆ గదిలో ఉండి పాడతానని తనే అడిగాడండీ, పాట కుదిరేదాకా ఎవర్నీ కలవనన్నాడు అన్నాడు. లోపలి నుంచి వాడి అరుపు వినపడుతోంది. గోడ మందానికి మాటలు విడిపోలేదు. కుంపటి ఉందా లోపల అని అడిగాను. నిజం కావాలంటే అన్నీ ఉండాలి కదా, ఆఖరిసారి పాడేటప్పుడు రాజేస్తాం అన్నాడు, అదే మెత్తటి గొంతుతో. వాణ్ని చంపి, మళ్లీ గేటు ముందు నిలబడి కుర్రాళ్లకి కథ చెప్తాడని అర్థమైంది.

ఆఫీసులో నా బల్ల మీదే ఉండిపోయిన టేపూ, రికార్డరూ పట్టుకుని స్టేషనుకి పరిగెత్తాను. ఇన్‌స్పెక్టరు చెడ్డవాడేం కాదు, కూర్చోబెట్టి విన్నాడు. నాలుగో పాటలో ఆ చరణం రెండుసార్లు విన్నాడు.

"అమ్మా, ఇందులో మాటలెక్కడున్నాయి? కుక్కలు కొట్టుకుంటున్నట్టుంది."

నేను పక్కనే ఉండి ఒక్కొక్క మాటా చెప్పాను. మీకు అలా వినపడుతోందేమో, నాకు వినపడాలి కదా అన్నాడు. మీ తమ్ముడు పెద్దవాడు, తన ఇష్టంతో పాడుకుంటుంటే నేను వెళ్లి ఏమని లాక్కురాను అన్నాడు. కట్టేసిన ఫైలు తెరవాలంటే చనిపోయినవాడి తల్లి వచ్చి ఫిర్యాదు ఇవ్వాలి, ఆమె ఇస్తే ఇప్పుడే బయల్దేరతాను అన్నాడు.

స్టేషను నుంచి వెనక వీధికి అయిదు నిమిషాల దారి. ఆ అయిదు నిమిషాల్లో నాకు వచ్చిన ఆలోచన ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది. ఆ అరుపులో ఏముందో నాకు తప్ప ఎవరికీ వినపడదు. ఇన్‌స్పెక్టరు నేను చెప్పిందేదీ కాగితం మీద పెట్టలేదు. పిన్నికి నేను ఏది చదివితే అదే. 'తలుపు మేమే వేశాం' అన్న చోట 'తలుపు గురువే వేశాడు' అని చదివితే చాలు. గురువుగారొక్కడే పోతాడు, మా వాడు బయటపడతాడు. రెండు మాటలు. పిన్ని గుమ్మం ఎక్కేదాకా అలాగే చదవాలనుకున్నాను.

పిన్ని మిషను ముందు ఊరికే కూర్చుని ఉంది. టేపు నా దగ్గరికి ఎలా వచ్చిందో చెప్పాను. టేపు రికార్డరు కత్తెరల పక్కన పెట్టి మొదలెట్టాను. అరుపు మొదలవగానే ఆమె మొహం ముడుచుకుంది గానీ ఆపమనలేదు. రెండో చరణం వచ్చింది. నేను చదవాలి. ఆమె నా నోటి వైపే చూస్తోంది.

"తలుపు మేమే వేశాం," అన్నాను. "వాడు తడుతూనే ఉన్నాడు."

ఇంకేదీ నా నోట రాలేదు. మూలంలో ఉన్నది మార్చడం నా చేతకాలేదో, ఆమె మొహం చూసి చేతకాలేదో తెలీదు. గడియ పెట్టింది మా తమ్ముడే పిన్నీ అని కూడా చెప్పేశాను. ఆ దెబ్బలు ఏమిటో చెప్పాను.

ఆమె చెయ్యి చాచి టేపు ఆపింది. మాటలు నాకొద్దు, ఆ చప్పుడు ఒక్కటే మళ్లీ పెట్టు అంది. పెట్టాను. తల కాస్త పక్కకి వంచి విన్నది. మా ఇద్దరి మధ్యా ఆ దెబ్బలే ఉన్నాయి. ఒకటి గట్టిగా, ఒకటి మెల్లగా, మధ్యలో ఆగి, మళ్లీ.

"బయటికొస్తానంటున్నాడు," అంది. "అయితే నేనన్న మాటకి కాదన్నమాట."

ఆమె ఏడుస్తుందనుకున్నాను. ఏడవలేదు. చీర కొంగుతో మొహం తుడుచుకుంది. ఏ మొహం పెట్టుకుని అడగాలో తెలీలేదు. నీ కొడుకుని లోపలేసి గడియ పెట్టినవాణ్ని బయటికి తియ్యి అని ఏ తల్లిని అడుగుతాం? అడిగాను. ఇప్పుడు వాడే ఆ గదిలో ఉన్నాడు, కుంపటి కూడా ఉంది, నువ్వొస్తే తప్ప పోలీసులు కదలరు అన్నాను. ఆమె నన్ను చూసిన చూపుకి అక్కడే చచ్చిపోవాలనిపించింది. తర్వాత లేచి చెప్పులు వేసుకుంది. నా కోసం ఆగకుండా ముందు నడిచింది.

ఫ్యాక్టరీలో జరిగింది తర్వాత కోర్టులో చాలామంది చాలా రకాలుగా చెప్పారు. నేను చూసింది మాత్రం ఇది. పిన్ని ఫిర్యాదు ఇవ్వగానే ఇన్‌స్పెక్టరూ ఇద్దరు కానిస్టేబుళ్లూ మాతో వచ్చారు. గురువుగారు హాల్లో రికార్డింగు మిషను ముందు కూర్చుని ఉన్నాడు. పాట మధ్యలో ఉంది, రెండు నిమిషాలు ఆగండి అన్నాడు. గదిలోంచి అరుపు రావడం లేదు. ఇన్‌స్పెక్టరు అతన్ని పక్కకి తోసేశాడు. గడియ కానిస్టేబులు తియ్యబోతే పిన్ని అడ్డుపడి తనే తీసింది.

లోపల కుంపటి ఎర్రగా ఉంది. మా వాడు గోడకి జారగిలబడి ఉన్నాడు, మైకు ఒళ్లో పడి ఉంది, పెదాలు ఎండి చీలిపోయాయి. కానిస్టేబుళ్లు చంకల కింద చేతులేసి ఎండలోకి మోసుకొచ్చారు. నేను మొహాన నీళ్లు కొట్టాను. కొంతసేపటికి దగ్గాడు, కక్కుకున్నాడు, కళ్లు తెరిచాడు. ప్రాణం దక్కిందని నా గుండె కుదుటపడేలోగా వాడు నా వెనక నిలబడ్డ పిన్నిని చూశాడు. లేవబోయాడు. చేతకాలేదు.

పిన్ని వాడి ముందు గొంతుక్కూర్చుంది. ఇన్‌స్పెక్టరు ఏదో అడగబోతే చెయ్యెత్తి ఆపింది. గేటు దగ్గర కుర్రాళ్లు పోగయ్యారు, చేతుల్లో విరిగిన కర్రలతోనే. మా వాడి గొంతు పూర్తిగా పాడైపోయింది. అయినా ఆ రోజు ఎవరికీ నేను విప్పి చెప్పాల్సిన అవసరం రాలేదు.

"తట్టాడా?" అని అడిగింది పిన్ని.

"తట్టాడు."

"నువ్వు విన్నావా?"

"విన్నానండీ."

"ఎంతసేపు తట్టాడు?"

వాడు ఆమె మొహంలోకి చూస్తూనే చెప్పాడు. ఒక్క అక్షరం కూడా మింగలేదు.

"పాట అయ్యేదాకా."

మిషను మీద టేపు ఇంకా తిరుగుతూనే ఉంది. గేటు దగ్గర కుర్రాళ్లెవరూ కదల్లేదు. ఎంతసేపని పిన్ని మళ్లీ అడగలేదు గానీ, ఇన్‌స్పెక్టరు కాగితం మీద రాసుకుంటూ నా వైపు చూశాడు. చెప్పాను. పాట సగంలో డ్రమ్స్ ఆగి దెబ్బలు మొదలయ్యాయి, మిగిలిన సగం పదకొండు నిమిషాలు.